ప్లగ్ వైర్ల తడి ప్రమాణం

కొత్త జిల్లాలు ఏర్పడిన మరుసటి ఏడాది, అంటే రెండు వేల పదిహేడు వానాకాలంలో, నన్ను జనగామ నుంచి మహబూబాబాద్‌కు బదిలీ చేశారు. హోదా మోటారు వాహనాల తనిఖీ అధికారి. కాగితం మీద ఇంత పొడుగున్న ఈ హోదా జనం నోట్లో 'బ్రేకిన్‌స్పెక్టర్' అయిపోతుంది. పేరులోనే బ్రేకు ఉన్నందుకేమో, నా పదోన్నతి కూడా అక్కడే ఆగిపోయింది. పై మెట్టున జిల్లా రవాణా అధికారి, కింది మెట్టున సహాయ తనిఖీ అధికారి, నడుమ నేను. పైనుంచి అక్షింతలు, కిందినుంచి నిట్టూర్పులు అందుకుంటూ సర్వీసు పూర్తిచేశాను.

మా పని అంటే రోడ్డు మీద చెయ్యి అడ్డం పెట్టడమనే చాలామంది అనుకుంటారు. అసలు పని ఆఫీసు వెనక మైదానంలో ఉంటుంది. సొంత కారుకు మొదటి రిజిస్ట్రేషన్ పదిహేనేళ్లు. ఆ తర్వాత ఐదేళ్లకొకసారి కారును ఆఫీసుకు తెచ్చి, చూపించి, గడువు పొడిగించుకోవాలి. మేము ఛాసిస్ నంబరు మీద కాగితం పెట్టి పెన్సిల్‌తో రుద్ది అచ్చు తీస్తాం. లైట్లు, హారన్, స్టీరింగు, బ్రేకులు చూస్తాం. నడిపి చూస్తాం. పొగ సర్టిఫికెట్ చూస్తాం. బాగుంటే సంతకం, బాగులేకపోతే కారణం రాసి తిప్పి పంపడం. బాగుచేయడం మాత్రం మా పని కాదు. తనిఖీ అధికారి చేతిలో పెన్నుండాలి గాని పానా ఉండకూడదని ఉద్యోగంలో చేరిన కొత్తలోనే నేర్పారు. నాకది ఇబ్బంది అనిపించలేదు. పానా పట్టుకుంటే ఏదో ఒకటి తిప్పాలి, పెన్ను పట్టుకుంటే ఏదీ తిప్పకుండానే సాయంత్రమవుతుంది.

ఆ దసరా వెళ్లిన తర్వాతి శుక్రవారం, కొత్తగూడ వైపు నుంచి ఒక కారు తనిఖీకి వచ్చింది. ముందు చప్పుడు వచ్చింది, తర్వాత వాసన వచ్చింది, ఆఖరున కారు వచ్చింది. పెట్రోలుతో నడిచే పాత అంబాసిడర్. రంగు తెలుపని రిజిస్ట్రేషన్ పుస్తకంలో ఉంది కనుక తెలుపే అనుకోవాలి. కంటికి మాత్రం పసుపు ఎక్కువ, కుంకుమ ఎక్కువ, తెలుపు తక్కువ. ముందు బంపర్‌కు నిమ్మకాయలు, ఎండిన మిరపకాయలు, నల్లతాడు, ఒక పాత చెప్పు. ఇన్ని కట్టాక నంబరు ప్లేటుకు చోటు మిగలలేదు. మొదటి లోపం రాసుకున్నాను.

యజమాని నర్సింగం పటేలు వెనక సీట్లోంచి దిగాడు. భూములున్న మనిషి, మండలస్థాయి నాయకుడు. తాను మండలం దాటి ఎదగలేదు, మండలాన్నీ ఎదగనివ్వలేదు. అప్పటికి మూడు కండువాలు మార్చాడు. ముందురోజు ఫోన్ చేసి, "మీరే జర మా ఇంటికి రారాదుండ్రి సారు, కోడి కోపిస్త" అన్నాడు. కోడికి ఫిట్‌నెస్ అవసరం లేదనీ, కారునే తీసుకురావాలనీ చెప్పాను. ఆ మాట మనసులో పెట్టుకున్నట్టున్నాడు, దిగుతూనే నా నమస్కారాన్ని తల ఊపి వసూలు చేసుకున్నాడు.

స్టీరింగు దగ్గరున్న మనిషి పేరు యాకోబు. ఇరవై ఏళ్లుగా పటేలుకు డ్రైవరు. తెల్ల చొక్కా, మాట తక్కువ. నేను అతని పక్కన కూర్చున్నాను, పటేలు తన పరంపరాగతమైన వెనక సీట్లో కూర్చున్నాడు. మైదానం చుట్టూ ఒక చుట్టు తిరిగేసరికి నా నడుము లెక్క తేల్చింది. నాలుగు సిలిండర్లలో మూడే పనిచేస్తున్నాయి. మిగిలినది ఉద్యోగంలో ఉంది గాని డ్యూటీలో లేదు. ఇట్లాంటివాటిని గుర్తుపట్టడానికి ప్రభుత్వోద్యోగికి వేరే శిక్షణ అక్కర్లేదు.

"కార్బురేటర్" అని ప్రభుత్వం తరఫున ప్రకటించాను.

"మొన్ననే కడిగించినం సారు" అన్నాడు యాకోబు, ప్రభుత్వాన్ని నొప్పించకుండా.

టేబుల్ దగ్గరికొచ్చి, ఇంజను సక్రమంగా నడవడం లేదు కనుక తిప్పి పంపుతున్నానని రాయబోతున్నాను. పటేలు ముందుకు వంగాడు.

"రాయుండ్రి సారు, బరాబర్ రాయుండ్రి. దాని కిందనే పెట్రోలు దొంగతనం అని గూడ రాయుండ్రి."

నా పెన్ను ఆగింది. లైసెన్సుల కోసం వరసలో నిలబడ్డ పదిమంది చెవులు ఇటు తిరిగాయి.

"లీటరుకు పది ఇచ్చే బండి సారు ఇది. దసరా ముందటి సంది ఆరు గూడ ఇస్తలేదు. మిగిలిన నాలుగు ఎవడు తాగుతున్నడు? గీ యాకోబే. సర్కారు కాయితం మీద పడితె వీడు తప్పించుకోలేడు."

"తాగేటోన్నైతే పటేలా, పెట్రోలెందుకు తాగుత?" అన్నాడు యాకోబు. వరస నవ్వింది. పటేలు నవ్వలేదు. ఆయన మండలంలో నవ్వించే హక్కు ఆయనదే.

ఆయన చెప్పుకుపోయాడు. ఈ ముచ్చట ఊళ్లో హోటల్ కాడ పదిమంది ముందు పెట్టాడట. తీర్పు కూడా అక్కడే అయిపోయిందట. ఆదివారం యాకోబు తడిబట్టలతో గుళ్లో నిలబడి, తాను పెట్రోలు తియ్యలేదని ప్రమాణం చేయాలి. చేస్తే ఉద్యోగం ఉంటుంది, చేయకపోతే దొంగ. మా వైపు ఊళ్లలో ఈ తడిబట్టల ప్రమాణానికి కోర్టు తీర్పుకన్నా విలువెక్కువ. పైగా అప్పీలు లేదు.

"చేస్తవా?" అని యాకోబును అడిగాను.

"నాది చర్చి సారు. మా పాస్టరయ్య ఒట్టే పెట్టొద్దంటడు, ఇగ గుళ్లె ఒట్టంటే వేరే చెప్పాల్నా? చేస్తే మావోళ్లు దూరం బెడ్తరు. చెయ్యకుంటే వీళ్లు దొంగంటరు. దొంగను డ్రైవరు కింద ఎవ్వడు పెట్టుకుంటడు సారు? నాకు ఇంకో పనొస్తదా, ఈ స్టీరింగే వస్తది." గొంతు పెంచకుండా చెప్పాడు. చేతిలో కారు తాళంచెవి మాత్రం గిరగిరా తిరుగుతోంది.

'పెట్రోలు దొంగతనం' అని రాయడానికి నా ఫారంలో గడి లేదు. 'ఇంజను' అని గడి ఉంది. నేను చేయగలిగింది ఆ గడిని నిజాయితీగా నింపడమే. లేచి కారు వెనక్కి వెళ్లి, ఇంజను నడిపించమని చెప్పి, జేబు రుమాలు సైలెన్సర్ గొట్టం దగ్గర కాసేపు పట్టుకున్నాను. రుమాలు మా ఇంటావిడ ఇచ్చింది, పుట్టినరోజుకు. దాన్ని పటేలు ముక్కు దగ్గర పెట్టాను.

ఆయన వాసన చూశాడు. మళ్లీ చూశాడు. "పెట్రోలే" అన్నాడు.

"మీ పెట్రోలు దొంగ ఈ గొట్టంల నుంచి పోతున్నడు పటేలా. లోపల కాలాల్సింది కాలకుంట బయటికొస్తున్నది" అన్నాను.

చదివేవారి కోసం ఇక్కడ కొంచెం ఇంజను సంగతి. పెట్రోలు ఇంజనులో ప్రతి సిలిండర్ మీదా ఒక ప్లగ్గు ఉంటుంది. అది నిప్పురవ్వ కొడితేనే లోపలికొచ్చిన పెట్రోలు మండుతుంది. ఆ రవ్వకు కావలసిన కరెంటు కాయిల్‌లో పుడుతుంది. దాన్ని వరసప్రకారం ఒక్కో ప్లగ్గుకూ పంచేదాన్ని డిస్ట్రిబ్యూటర్ అంటారు. రేషన్ డీలర్ లాంటిదనుకోండి. అక్కణ్నుంచి ప్లగ్గు దాకా కరెంటును మోసేవి ప్లగ్ వైర్లు. కరెంటు వేల వోల్టులది కనుక వైరు తొడుగు గట్టిగా ఉండాలి. తొడుగు పగిలినా, తడిసినా, పైన ఏదైనా పేరుకున్నా కరెంటు ప్లగ్గు దాకా పోదు. దారిలోనే దగ్గరున్న ఇనుములోకి దిగిపోతుంది. పైన పంపింది కింద చేరకపోవడం, నడుమ ఎవరు మింగారో తెలియకపోవడం మన దగ్గర ఇంజన్లలో మాత్రమే జరగదు గాని, ఇంజన్లలో దాన్ని పట్టుకునే ఉపాయం ఉంది. చీకట్లో ఇంజను నడిపిస్తూ వైర్ల మీద సన్నగా నీళ్లు చల్లితే, కరెంటు కారే చోటల్లా నీలంగా మెరుస్తుంది.

మా దగ్గర సీజ్ చేసిన ఆటోలు పెట్టే రేకుల షెడ్డు ఉంది. ఆటోలు పక్కకు నెట్టించి, కారు లోపల పెట్టించి, షట్టరు ముప్పావు దించాం. పొగకు ఊపిరాడదని కింద సందు వదిలాం. నీళ్లు చల్లడానికి ఎదురుగా ఉన్న సెలూన్ నుంచి స్ప్రే సీసా అడిగి తెప్పించాను. సెలూన్ యజమాని సీసాను నమ్మి పంపలేదు, సీసా వెంట తనూ వచ్చాడు. వరసలోని జనం సగం మంది షట్టరు సందులోంచి తలలు పెట్టారు.

"కటింగా, షేవింగా సారు?" అన్నాడు సెలూనాయన బానెట్‌లోకి చూస్తూ.

నీళ్లు చల్లించాను. చీకట్లో నాలుగు వైర్ల మీదా నీలం పురుగులు పాకాయి. చిటచిటమని సన్నటి చప్పుడు. మూడో వైరు దగ్గరైతే దీపావళి ముందే వచ్చింది. నేను విషయం వివరించే ఉత్సాహంలో నా స్టీలు పెన్నుతో ఆ చోటు చూపించబోయాను. చూపించడం పూర్తికాలేదు, భుజం దాకా గుంజింది. నా సర్వీసు మొత్తంలో అంత తొందరగా జవాబొచ్చిన ఫైలు ఇంకోటి లేదు.

పటేలు రెండు చేతులూ జోడించాడు. "సూసిండ్రా సారు! నేను మొదటి సంది మొత్తుకుంటున్న. దిష్టి! కండ్ల ముందర కనవడ్తలేదా?"

"దిష్టి కాదు పటేలా. గా వైర్ల మీద ఎర్రగ కనవడ్తున్నదేంది?"

"బొట్లు."

"ఇంజనుకు పూజ ఎట్ల చేస్తరు?"

గర్వంగా చెప్పాడు. ఊరందరూ బానెట్ మీద బొట్టు పెడతారు, స్టీరింగుకు దండ వేస్తారు. ఆయన పైపై భక్తిని ఒప్పుకునే మనిషి కాదు. బానెట్ ఎత్తించి, ఇంజనుకు పసుపు పూసి, ప్రతి వైరుకూ ప్రమిదలోని నూనెతో తడిపిన కుంకుమ పెట్టి, కొబ్బరికాయను ఇంజను తల మీదే కొట్టి, నీళ్లన్నీ దాని మీదనే పోస్తాడు.

"నీళ్లెందుకు పోస్తరు?"

"ఇంజను సల్లగుండాలె గద సారు!"

దసరాకు ముందు ఒకసారి, కొత్త కండువా వేసుకున్న సందర్భంలో, ఈ అభిషేకం జరిగింది. తర్వాత కారు కుదుపులు మొదలుపెట్టింది. కుదుపులు దిష్టి వల్లనని మరుసటి శుక్రవారం మళ్లీ చేశాడు. కుదుపులు పెరిగాయి. పెరిగాయి కనుక కాయలూ పెరిగాయి. ప్రతి శుక్రవారం ఒక కాయ, దసరాకు అయిదు. నూనె తగిలి రబ్బరు ఉబ్బి పగుళ్లిచ్చింది. పగుళ్లలో కుంకుమా కొబ్బరినీళ్లూ దిగి కరెంటుకు కొత్త బాట వేశాయి. ఆ బాటకు శంకుస్థాపన చేసింది తానేనన్న సంగతి పటేలుకు తెలియదు. తెలిస్తే శిలాఫలకం పెట్టించేవాడు. నాకు భక్తితో పేచీ లేదు. నా స్కూటర్‌కు నేనూ ఏటా బొట్టు పెడతాను. అది కూడా ఏటా రిపేరుకొస్తుంది.

"నేనన్న సారు" అన్నాడు యాకోబు. "మొదటి శుక్రవారమే అన్న, ఇంజను మీద నీళ్లొద్దు పటేలా అని. నీకు మా దేవుడంటే పడదురా అన్నడు. ఇగ నోరు మూసుకున్న."

ఇంజను ఆపించాను.

వైర్లు మార్చి తెస్తే ఆ రోజే మళ్లీ చూస్తానన్నాను. ఆఫీసు ఎదురుగానే స్పేర్ పార్టుల దుకాణాలున్నాయి. యాకోబు బయల్దేరబోతే పటేలు ఆపాడు. దొంగ అన్నాక అతని చేతికి డబ్బివ్వడం ఎట్లా? తానే వెళ్లాడు. పావుగంటకు మెరిసిపోయే వైర్ల కట్ట తెచ్చి నా టేబుల్ మీద పెట్టాడు. ఆయన భుజం మీది కండువా రంగూ వైర్ల రంగూ ఒకటే. ఏ రంగో చెప్పను, పింఛను మీద బతుకుతున్న మనిషిని.

ప్లగ్ వైరు ఎంచుకోవడానికి మూడు సంగతులు చూడాలి. మొదటిది కొలత. డిస్ట్రిబ్యూటర్ నుంచి ఒక్కో ప్లగ్గూ ఒక్కో దూరంలో ఉంటుంది, కనుక పాత వైరు పక్కన పెట్టి కొత్తది కొలుచుకోవాలి. పొట్టిదైతే గుంజుకుపోయి ఊడుతుంది, మరీ పొడుగుదైతే వేడి గొట్టం మీద వాలి కాలుతుంది. రెండోది కొసలు. ప్లగ్గు మీద టక్కుమని గట్టిగా కూర్చోవాలి. మూడోది తొడుగు. వేడినీ నూనెనూ తట్టుకునే రకం కావాలి. రంగు వీటిలో ఎక్కడా రాదు. పటేలు తెచ్చిన వాటికి రంగు తప్ప ఏమీ కుదరలేదు. ఒకటైతే మొదటి ప్లగ్గుకు జానెడు దూరంలోనే ఆగిపోయింది.

"అన్నీ ఒకటే అనుకున్న సారు" అన్నాడు.

"కండువాలు ఒకటే పటేలా, వైర్లు కావు" అన్నాను. నా పదోన్నతి ఎందుకు ఆగిందో పాఠకులకు ఈపాటికి అర్థమయ్యే ఉంటుంది.

ఈసారి యాకోబు రాసిచ్చిన కొలతలతో వెళ్లి, సరైనవి తెచ్చాడు. అవి నల్లవి. "నలుపు అపశకునం గద" అని గొణిగాడు. టైర్లు ఏ రంగో ఒకసారి చూసుకోమన్నాను.

బిగించడం యాకోబు పని. దీనికొక పద్ధతుంది. ఇంజను చల్లారాక మొదలుపెట్టాలి. వైరును పట్టుకుని గుంజకూడదు, కొసనున్న రబ్బరు టోపీని పట్టుకుని మెలిపెట్టి తియ్యాలి. అన్నిటికన్నా ముఖ్యం, ఒకటి తీసి, దాని స్థానంలో కొత్తది పెట్టాకే రెండోది ముట్టుకోవాలి. ఎందుకంటే సిలిండర్లలో పెట్రోలు మండే వరస ఒకటి, రెండు, మూడు, నాలుగు కాదు. ఒకటి, మూడు, నాలుగు, రెండు.

"గదేంది? రెండోడు ఆఖరుకెందుకు పోవాలె?" అన్నాడు పటేలు. రాజకీయ అనుభవమున్న మనిషి కనుక అన్యాయం వెంటనే కనిపెట్టాడు. ఇంజను తిరిగే తీరును బట్టి వరస అట్లా పెట్టారని నేను చెప్పేలోపు, సాయం చేసే ఉత్సాహంతో మిగిలిన రెండు వైర్లనూ ఒక్కసారే పీకేశాడు. తన లెక్క ప్రకారం రెండోవాడికి న్యాయం చేసి తగిలించాడు. యాకోబు స్టార్ట్ చేశాడు. కారు ఢామ్మని పేలింది. సెలూనాయన సీసా వదిలేసి బయటపడ్డాడు. షట్టరు సందులో ఒక్క తలా మిగల్లేదు. పటేలు కండువా మాత్రం సీజ్ చేసిన ఆటో మీద దొరికింది.

"మంచోడు పటేలు. పార్టీ మార్చినట్టే వైర్లు మార్చిండు" అని బయట్నుంచి ఎవరో అన్నారు.

యాకోబు ఆ రెండిటినీ మార్చి తగిలించాడు. ఈసారి ఇంజను పెళ్లికొచ్చిన పెద్దమనిషిలా గంభీరంగా తిరిగింది. మైదానం చుట్టూ తిప్పించాను. కుదుపు లేదు. రుమాలు పట్టాను, పెట్రోలు వాసన లేదు. పొగ పరీక్ష వాళ్లూ సర్టిఫికెట్ ఇచ్చారు. బంపర్ అలంకారం విప్పించి నంబరు ప్లేటు బయటపెట్టించాను. సంతకం చేశాను, స్టాంపు వేశాను. కారుకు ఇంకో ఐదేళ్ల ఆయుష్షు.

"సరే తియ్, ఇగ ప్రమాణం గిట్ల ఏమద్దు. పా, పోదాం" అన్నాడు పటేలు యాకోబుతో.

యాకోబు తాళంచెవి తెచ్చి నా టేబుల్ మీద పెట్టాడు. వెళ్లి జనం కోసం వేసిన బల్ల మీద కూర్చున్నాడు.

"ఏందిరా?"

"దొంగ అన్నరు గద పటేలా. హోటల్ కాడ పదిమందిల అన్నరు. ఇక్కడ సారు ముందర అన్నరు. కాదని గూడ అనుండ్రి. ముందుగాల ఇక్కడ, తర్వాత హోటల్ కాడ. అన్నంక బండి తోల్త."

పటేలుకు భూములున్నాయి, కారుంది, పలుకుబడి ఉంది. లైసెన్సు లేదు. ఉన్నా ఆయనకు డ్రైవింగు రాదు. లైసెన్సుల ఆఫీసు ముందు లైసెన్సు లేకుండా స్టీరింగు పట్టుకునే ధైర్యం మూడు కండువాలు కలిపినా రాదు. వరసలో లైసెన్సున్న వాళ్లు కొందరున్నారు. పటేలు వాళ్ల వైపు చూశాడు. వాళ్లు గోడ మీది ట్రాఫిక్ గుర్తులు చదువుకోవడం మొదలుపెట్టారు.

ఆయన గొంతు సవరించుకున్నాడు. "కొంతమంది చెప్పిన తప్పుడు ముచ్చట్లతోని, మా డ్రైవరు మీద అపోహలు..."

"గట్ల గాదు పటేలా. అది పేపరోళ్లకు చెప్పే తీరు. సక్కగ."

చాలాసేపు పట్టింది. నేను ఫైలు చూస్తున్నట్టు నటించాను. అందులో నాకు ముప్పై ఏళ్ల అనుభవం.

"యాకోబు పెట్రోలు తియ్యలే" అన్నాడు పటేలు.

"జర గట్టిగ" అన్నాడు షట్టరు దగ్గర్నుంచి సెలూనాయన.

"తియ్యలే!"

యాకోబు లేచి తాళంచెవి తీసుకున్నాడు. పటేలుకు వెనక తలుపు తెరిచి పట్టుకున్నాడు. హోటల్ దగ్గర కూడా ఆ మాట చెప్పించాకే కారును ఇంటికి పోనిచ్చాడని తర్వాత తెలిసింది.

రెండేళ్లకు భూపాలపల్లిలో పనిచేస్తున్నప్పుడు యాకోబు లైసెన్సు పని మీద ఎవరినో తీసుకొచ్చి నన్ను కలిశాడు. దసరా పూజకు ముందు ఇంజను మీద ఖాళీ యూరియా సంచి కప్పి, తర్వాత బానెట్ దించుతున్నాడట. కొబ్బరినీళ్లు బానెట్ మీదుగా జారి నేల మీద పడుతున్నాయట. ఎవరికీ అభ్యంతరం లేదు.

ఆ ఉదంతం నేర్పింది చెబుతాను. బండి ఎక్కువ తాగితే దగ్గరున్న మనిషిని కాక ముందు సైలెన్సర్‌ను వాసన చూడాలి. మనిషి మీద వేసిన మాటను తీసేయడం వైరు తీసినంత తేలిక కాదు, దానికి ఫారంలో గడి కూడా లేదు. ప్లగ్ వైర్లను కొలత చూసి కొనాలి, ఒక్కొక్కటిగా మార్చాలి, తడి తగలకుండా చూసుకోవాలి. పటేలు ఆ తర్వాత నాలుగో కండువా వేసుకున్నాడని యాకోబే చెప్పాడు. వైర్లు మాత్రం ఆ నల్లవే ఉన్నాయి. వాటి పని అవి చేస్తున్నాయి కనుక మార్చే అవసరం రాలేదు.